గోవర్ధన్‌భాయ్ పేరు ఎక్కడ?

సంపాదకులు గారికి,

ఫిబ్రవరి 6న తెలుగు టాకీ పుట్టినరోజంటూ మీరు వేసిన పేజీ చూశాను. పది రోజులు ఊరుకున్నాను. ఊరుకున్నది చేతులతోనేగానీ నోటితో కాదు. మా ఆవిడ ‘ఆ గొడవేదో పేపరోళ్లకే రాసుకోండి’ అని కార్డు తెచ్చి ముందు పెట్టింది.

ఆ తొలి తెలుగు టాకీ ‘భక్త ప్రహ్లాద’ గురించి అన్నీ రాశారండీ. దర్శకుడు హెచ్.ఎం.రెడ్డి గారు, వేషాలు కట్టిన సురభి కమలాబాయి, మునిపల్లె సుబ్బయ్య, పాటలు రాసిన చందాల కేశవదాసు. మా ఏలూరు పక్క సోమవరప్పాడు కుర్రాడు ఎల్.వి.ప్రసాద్ అందులో చిన్న వేషం వేశాడనీ రాశారు, సంతోషం. ఇంతమందినీ తెరమీదకి ఎక్కించిన కెమెరామన్ గోవర్ధన్‌భాయ్ పటేల్ పేరు మాత్రం ఆ పేజీలో ఎక్కడా లేదు. తెలుగువాడు కాదనా? నిర్మాత ఆర్దేషిర్ ఇరానీ ఏ ఊరి తెలుగువాడు మరి?

ముప్పై ఒక్కేళ్లు ప్రొజెక్టర్లో వెలుగిచ్చే కార్బన్ కడ్డీలు మార్చినవాణ్ణి, అందుకే ఈ ఉక్రోషం. అప్పుడు ప్లేబ్యాక్ లేదు. నటుడు నటిస్తూనే పాడాలి, హార్మనీ తబలా వాళ్లు కెమెరాకి కనపడకుండా ఏదో మూల నక్కి వాయించాలి. మైకు ఫ్రేములో పడకూడదు. కెమెరా చప్పుడు మైకులో పడిందా, ఆ టేకు దండగ. అందుకని కెమెరాని పెట్టెలో పెట్టి మూసేవారు, ఇక అది కదిలేదెక్కడ? మూకీల్లో చేత్తో తిప్పుతూ వేగం కాస్త అటూ ఇటూ అయినా చెల్లింది. మాట వచ్చాక సెకనుకి 24 ఫ్రేములు, తేడా వస్తే పద్యం శ్రుతే మారిపోతుంది. పైగా ఎదుట ఉన్నది నాటకాల వాళ్లు, నేల టికెట్టు చివరి వరసకి వినపడేలా అరిచి అలవాటైనవాళ్లు. వాళ్లని ఆ చిన్న చట్రంలో ఇమిడ్చినవాడికి ఒక్క లైను ఇవ్వలేరా? ఆ సినిమా ప్రింటు కూడా మిగల్లేదు. ఇక మిగిలింది పేరేగదండీ.

ఒక్క మిమ్మల్ననేం లాభం. ‘వందేమాతరం’ (1939) అంటే నాగయ్య గారు, బి.ఎన్.రెడ్డి గారు అంటారు. కెమెరా పట్టిన కె.రామ్‌నాథ్ పేరు చెప్పమంటే బుర్ర గోక్కుంటారు. తొలి టాకీ తేదీకే దిక్కులేదు, ఏళ్ల తరబడి తప్పుగా 1931 సెప్టెంబరు 15 అని దండలేశాం. నిడమర్తి సూరయ్య గారు 1936లో రాజమండ్రిలో దుర్గా సినీటోన్ పెట్టి ఆంధ్రదేశానికే మొదటి స్టూడియో ఇచ్చారా, ఆ సంగతి పిల్లలకి చెబితే ‘అది ఏ షాపింగ్ మాల్ అంకుల్?’ అంటున్నారు.

కిందటేడు ఒక కార్యాలయానికి వెళ్లి, ఉత్సవం ఫ్లెక్సీలో కెమెరామన్‌ల పేర్లు కూడా వేయించండి బాబూ అని అర్జీ ఇచ్చాను. గుమస్తాగారు చదివి, ‘వీళ్లు మీకేమవుతారు, పింఛను కోసమా?’ అన్నారు. ఫ్లెక్సీ వచ్చింది. అందులో పదిహేడు మొహాలు. ఒక్కడూ సినిమావాడు కాదు, అందరూ శుభాకాంక్షలు తెలిపేవాళ్లే! అర్జీ ఏమైందంటే ‘పైకి పంపాం’ అన్నారు. ఆ ఆఫీసుకి పై అంతస్తు లేదండీ, నేను చూశాను.

సవరణ వేస్తారో లేదో మీ దయ. వేస్తే మాత్రం అదే పేజీలో వేయండి, వర్గీకృత ప్రకటనల కింద కాదు. పేరు మళ్లీ రాస్తున్నాను, అచ్చుతప్పు పడకుండా చూడండి: గోవర్ధన్‌భాయ్ పటేల్.

ఇట్లు,
ఒక పాత ప్రొజెక్టర్ ఆపరేటరు,
పాలకొల్లు