ముందు వాళ్ళను లెక్కపెట్టండి: కేంద్ర హోం మంత్రికి బహిరంగ లేఖ

గౌరవనీయులైన కేంద్ర హోం మంత్రి శ్రీ అమిత్ షా గారికి,

నమస్కారం. నేను భద్రాద్రి కొత్తగూడెం జిల్లాలో రిటైరైన బడి పంతులును. ఉద్యోగమంతా గోదావరి ఒడ్డు మండలాల్లోనే గడిచింది. ఇప్పుడు వారానికి రెండు రోజులు అడవిలో ఉన్న ఒక గుత్తికోయ గుంపుకు, అంటే ఛత్తీస్‌గఢ్ నుంచి వలస వచ్చిన ఆదివాసీల చిన్న ఊరికి, వెళ్ళి పిల్లలకు అక్షరాలు, కూడికలు చెబుతున్నాను. వాళ్ళ గురించే ఈ ఉత్తరం.

2026 మార్చి 31 నాటికి దేశంలో నక్సలిజం ఉండదని మీరు గడువు పెట్టారు. ఆ గడువు వైపు పడిన ప్రతి అడుగూ ఇక్కడ మాకు తెలుస్తూనే వచ్చింది. 2025 ఏప్రిల్, మే నెలల్లో మూడు వారాల పాటు తెలంగాణ, ఛత్తీస్‌గఢ్ సరిహద్దులోని కర్రెగుట్టల మీద ఆపరేషన్ నడిచింది. మే 21న ఛత్తీస్‌గఢ్‌లోని అబూజ్‌మాడ్ అడవిలో మావోయిస్టు పార్టీ ప్రధాన కార్యదర్శి నంబాళ్ళ కేశవరావు చనిపోయారు. అక్టోబరులో ఆ పార్టీ అగ్రనేత మల్లోజుల వేణుగోపాల్ మహారాష్ట్రలోని గడ్చిరోలిలో 60 మందితో లొంగిపోయారు. నవంబరు 18న మారేడుమిల్లి అడవిలో మావోయిస్టు కమాండర్ హిడ్మా చనిపోయాడు. ప్రతి ఘటన తర్వాతా ఎంతమంది పోయారో, ఎంతమంది లొంగిపోయారో, ఎన్ని తుపాకులు దొరికాయో మీ శాఖ చెప్పింది. కానీ ఈ యుద్ధం వల్ల దక్షిణ ఛత్తీస్‌గఢ్‌లోని బస్తర్‌లో ఊళ్ళు వదిలి మా వైపు వచ్చిన ఆదివాసీలు ఎంతమంది అని అడిగితే ఛత్తీస్‌గఢ్, తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ మూడూ ఒప్పుకునే ఒక్క అంకె ఇప్పటికీ లేదు. వాళ్ళు రావడం మొదలై ఇరవై ఏళ్ళు దాటింది.

వాళ్ళు ఎందుకొచ్చారో మీకు నేను చెప్పక్కర్లేదు. అయినా చెబుతాను, ఎందుకంటే ఇక్కడ చాలామంది ఆఫీసర్లకు వీళ్ళు "అడవి నరకడానికి వచ్చినవాళ్ళు" మాత్రమే. 2005 జూన్‌లో బస్తర్‌లోని బీజాపూర్ ప్రాంతంలో మావోయిస్టులకు వ్యతిరేకంగా, ప్రభుత్వ అండతో సల్వా జుడుం అనే ఉద్యమం మొదలైంది. రాష్ట్రంలో అధికారంలో ఉన్నది బీజేపీ, ముందు నిలబడింది కాంగ్రెస్ నాయకుడు మహేంద్ర కర్మ. ఊళ్ళు ఖాళీ చేసి రోడ్డు పక్క శిబిరాలకు రమ్మన్నారు. రానివాళ్ళు మావోయిస్టుల మనుషులన్నారు. వెళ్ళినవాళ్ళను మావోయిస్టులు ద్రోహులన్నారు. 2006 జులైలో ఎర్రబోర్ శిబిరం మీద పడి పిల్లాపాపలతో సహా చంపింది మావోయిస్టులే. ఇళ్ళు తగలబడ్డాయి, ధాన్యం కాలిపోయింది. 600కి పైగా ఊళ్ళు ఖాళీ అయ్యాయని అప్పట్లో చెప్పేవారు. శిబిరానికీ పోలేక, ఊళ్ళోనూ ఉండలేక మిగిలినవాళ్ళు రాత్రిళ్ళు నడిచి అప్పటి ఖమ్మం, వరంగల్ జిల్లాల అడవుల్లోకి వచ్చారు. 2011 జులై 5న సుప్రీంకోర్టు ఆదివాసీ యువకులకు తుపాకులిచ్చి ఎస్పీఓలుగా (స్పెషల్ పోలీస్ ఆఫీసర్లుగా) దించడం రాజ్యాంగ విరుద్ధమని తీర్పు చెప్పింది. తీర్పు వచ్చింది కానీ ఊళ్ళు వెనక్కి రాలేదు.

ఇంకో మాట మనసులో పెట్టుకోలేక చెబుతున్నాను. 1980లో పీపుల్స్‌వార్ నక్సలైటు దళాలు గోదావరి దాటి దండకారణ్యంలోకి వెళ్ళింది మా వైపు నుంచే. వాళ్ళలో చాలామంది నాయకులు తెలుగువాళ్ళు. పాతికేళ్ళకు ఆ యుద్ధంలో నలిగినవాళ్ళు మా అడవుల్లోకే వచ్చారు. అందుకే వీళ్ళను "బయటివాళ్ళు" అనడానికి నాకు నోరు రాదు. తెలుగువాళ్ళుగా మాకూ వీళ్ళ పట్ల బాధ్యత ఉందనుకుంటాను.

నేను వెళ్ళే గుంపులో నలభై దాకా ఇళ్ళున్నాయి. వెదురు తడికలు, వాటికి మట్టి పూత, పైన గడ్డి. కరెంటు లేదు. బోరు లేదు. ఎండాకాలం వాగు ఎండిపోతే ఇసుకలో చెలమ తవ్వుతారు. మొన్న ఏప్రిల్‌లో ఒక పిల్ల దాని పక్కన గొంతుక్కూర్చుని సొరకాయ బుర్రతో నీళ్ళు తోడడం చూశాను. రెండు బుర్రలు తోడితే చెలమ అడుగంటుతుంది. మళ్ళీ ఊరేదాకా కూర్చోవాలి. బిందె నిండేసరికి గంట పైనే పట్టింది. అలాంటివి రోజుకు నాలుగు బిందెలు. ఆ పిల్ల బడికి ఎందుకు ఆలస్యంగా వస్తుందో నాకు ఆ రోజు అర్థమైంది.

అదే గుంపులో రెండేళ్ళ కింద ఒక పెద్దాయన జ్వరంతో పోయాడు. వాళ్ళలో పెద్దవాళ్ళు పోతే రాయి నిలబెడతారు. ఆయనకు నిలబెట్టలేదు. కొడుకును అడిగాను. "ఎక్కడ పాతమంటావు గురూజీ? ఫారెస్టోళ్ళు రేపు పొమ్మంటే రాయిని ఎత్తుకుపోలేం కదా" అన్నాడు. ఆ కొడుక్కి ముప్పై ఏళ్ళుంటాయి. పదేళ్ళప్పుడు తండ్రి చెయ్యి పట్టుకుని వచ్చాడు. ఇప్పుడు అతని పిల్లలు ఇక్కడే పుట్టి, నా దగ్గర తెలుగు చదువుతున్నారు. సొంతూరు ఏదని అడిగితే ఇప్పటికీ పేరు చెప్పడు. "అడవి అవతల" అంటాడు. ఊరి పేరు చెబితే పోలీసులు ఒకలా చూస్తారు, లోపలివాళ్ళు, అంటే మావోయిస్టులు, ఇంకోలా చూస్తారు అని చిన్నప్పుడే నేర్చుకున్నాడు.

అయ్యా, వీళ్ళను రెండు వైపులా తొక్కేస్తున్నది ఒక తేదీ. 2005 డిసెంబరు 13. అటవీ హక్కుల చట్టంలో పెట్టిన గడువు అది. ఇక్కడ పోడు పట్టా అడిగితే ఆ తేదీకి ముందు నుంచి ఆ భూమి మీద ఉండాలంటారు. వీళ్ళలో ఎక్కువమంది 2006లో, ఆ తర్వాత వచ్చారు. కాబట్టి పట్టా లేదు. సరే, అదే చట్టంలో సెక్షన్ 3(1)(ఎం) ఉంది కదా, అన్యాయంగా అడవి నుంచి వెళ్ళగొట్టబడినవాళ్ళకు బదులు భూమి ఇవ్వాలని చెబుతుంది కదా అని అటు చూస్తే, అక్కడా ఆ తేదీకి ముందే వెళ్ళగొట్టబడి ఉండాలి. అంటే 2005 సెప్టెంబరులో ఇల్లు కాలినవాడు అడగొచ్చు. 2006 ఫిబ్రవరిలో ఇల్లు కాలినవాడు అడగకూడదు. ఇద్దరి ఇళ్ళూ ఒకే గొడవలో కాలాయి. పార్లమెంటు ఆ చట్టం చేసేనాటికి జుడుం ఇంకా నడుస్తూనే ఉంది. ఆ తేదీ పెట్టినప్పుడు వీళ్ళు ఎవరి దృష్టిలోనూ లేరు. దాన్ని సవరించే అధికారం మీ ప్రభుత్వానికి ఉంది.

ఎస్టీ హోదా సంగతీ అంతే. ఛత్తీస్‌గఢ్‌లో ఎస్టీలైనవాళ్ళకు రాష్ట్రం దాటి వస్తే ఇక్కడ సర్టిఫికెట్ ఇవ్వరు. ఆధార్, రేషన్ కార్డు కొందరికి వచ్చాయి. కుల సర్టిఫికెట్ లేక పిల్లల చదువు పైతరగతుల దగ్గర ఆగిపోతుంది. తర్వాత మిరప కోతలే. 2020 లాక్‌డౌన్‌లో ములుగు జిల్లా మిరప చేల నుంచి బీజాపూర్‌కు నడిచిపోతూ 12 ఏళ్ళ పిల్ల ఇల్లు చేరకుండానే చనిపోయింది. ఆ వారం పేపర్లన్నీ రాశాయి. ఈ ఏడు కూడా ఆ వయసు పిల్లలు మిరప చేలల్లో ఉన్నారు.

తప్పంతా ఒకవైపే ఉందని నేననను. 2022 నవంబరులో చంద్రుగొండ మండలం ఎర్రబోడు దగ్గర ఒక ఫారెస్ట్ రేంజ్ ఆఫీసర్‌ను గుత్తికోయలు నరికి చంపారు. డ్యూటీలో ఉన్న మనిషి. ఆ కుటుంబానికి జరిగింది ఘోరం, చేసినవాళ్ళకు శిక్ష పడాల్సిందే. కానీ ఆ తర్వాత ఏం జరిగిందో చూడండి. గుత్తికోయలందరినీ వెళ్ళగొట్టాలని అక్కడి పంచాయతీ తీర్మానం చేసింది. అంతకు ఐదేళ్ళ ముందు, 2017లో, తాడ్వాయి మండలం జలగలంచలో అటవీ సిబ్బంది గుడిసెలు కూల్చారు. అడవిని కాపాడడం ఫారెస్టు శాఖ పని, బతకడానికి గింజలు పండించుకోవడం వీళ్ళ అవసరం. పై నుంచి ఎవరూ పరిష్కారం చూపకుండా ఇద్దర్నీ ఎదురెదురుగా వదిలేస్తే రక్తమే వస్తుంది.

పరిష్కారం కొత్తగా కనిపెట్టక్కర్లేదు. మీరే చేశారు. మిజోరం నుంచి 1997లో పారిపోయి త్రిపుర శిబిరాల్లో ఉండిపోయిన బ్రూ ఆదివాసీల కోసం 2020 జనవరి 16న మీ సమక్షంలోనే ఒప్పందం జరిగింది. దాదాపు 34 వేల మందికి 600 కోట్ల ప్యాకేజీ. కుటుంబానికి ఇంటి స్థలం, ఇల్లు కట్టుకోవడానికి సాయం, 4 లక్షల ఫిక్స్‌డ్ డిపాజిట్, రెండేళ్ళ పాటు నెలకు 5 వేలు, రేషన్. వచ్చిన రాష్ట్రంలోనే ఉండిపోవచ్చని ఒప్పుకున్నారు. 23 ఏళ్ళు తేలని సమస్య అలా తేలింది. బస్తర్ నుంచి వచ్చినవాళ్ళకు ఆ దారి ఎందుకు ఉండకూడదో నాకు అర్థం కావడం లేదు.

లొంగిపోయినవాళ్ళకు తక్షణ సాయం ఇస్తున్నారు, తల మీద ఉన్న రివార్డు వాళ్ళ చేతికే ఇస్తున్నారు. ఇవ్వండి, వాళ్ళు బతకాలి, మళ్ళీ అడవిలోకి పోకూడదు. కానీ తుపాకీ అసలు ముట్టుకోకుండా, కూతుర్ని భుజాన వేసుకుని వాగులు దాటి వచ్చినవాడికి ఏ పాలసీలోనూ పేరు లేదు. నా దగ్గర చదువుకునే పిల్లల తండ్రులు ఈ తేడాను గమనిస్తూనే ఉన్నారు.

అందుకని అడుగుతున్నాను. ఛత్తీస్‌గఢ్, తెలంగాణ, ఆంధ్రప్రదేశ్ ప్రభుత్వాలను మీ శాఖే ఒక చోట కూర్చోబెట్టి సర్వే చేయించండి. తిరిగి పోతామన్నవాళ్ళకు వాళ్ళ పొలాలు వాళ్ళకు చూపించి, భద్రత ఇచ్చి పంపండి. ఉండిపోతామన్నవాళ్ళకు ఇక్కడ భూమి, ఎస్టీ హోదా ఇవ్వండి. పోతారా ఉంటారా అన్నది మాత్రం వాళ్ళనే చెప్పనివ్వండి. పెద్దవాళ్ళు పోదామంటారు, ఇక్కడ పుట్టిన పిల్లలు ఉంటామంటారు. ఒకే ఇంట్లో రెండు మాటలున్నాయి. అది తేలేదాకా ఒక్క గుడిసె కూడా కూల్చొద్దని ఆదేశించండి. మావోయిస్టులు లేని అడవికి మనుషులు తిరిగి వెళ్ళగలిగితే, మీరు గెలిచామంటున్న దానికి అదే మొదటి రుజువు.

సర్వేకు మనుషుల్ని పంపేటప్పుడు రెండు సంగతులు గుర్తుంచుకోమని చెప్పండి. జనవరి నుంచి ఏప్రిల్ దాకా పంపొద్దు. అందరూ మిరప కోతలకు పోతారు, గుంపులో ముసలివాళ్ళు, కొందరు పిల్లలు తప్ప ఎవరూ ఉండరు, లెక్క తప్పుతుంది. వచ్చేవాళ్ళు కోయ భాష తెలిసినవాళ్ళై ఉండాలి, ఖాకీ వేసుకోకూడదు. ఖాకీ కనబడితే ఊరి పేరు అడిగినప్పుడు మళ్ళీ "అడవి అవతల" అనే చెబుతారు.

ఇట్లు,
భద్రాద్రి కొత్తగూడెం జిల్లా నుంచి
ఒక రిటైర్డ్ ఉపాధ్యాయుడు