మా వాడు మళ్ళీ నడుస్తున్నాడు, మీ అందరికీ నమస్కారం

పోయిన ఆదివారం మా అబ్బాయి నడుముకు బెల్టు కట్టుకుని, నా చెయ్యి పట్టుకోకుండా, తిరుపతిలో మా బైరాగిపట్టెడ వీధి చివరిదాకా నడిచి వెనక్కి వచ్చాడు. ప్రమాదం జరిగి నాలుగు నెలలు. ఇన్నాళ్ళూ ఫోన్ చేసి అడిగిన వాళ్ళకు "పరవాలేదు" అని ఒక్క మాట చెప్పి పెట్టేశాను, అంతకుమించి నోరు పెగల్లేదు. ఈ రోజు కూర్చుని రాస్తున్నాను.

మొదటి నమస్కారం పేరు తెలియని ఒక తల్లికి. కరకంబాడి రోడ్డులో మా వాడు బైకు జారి పడ్డప్పుడు, చుట్టూ చేరినవాళ్ళు కాళ్ళూ చేతులూ పట్టుకుని ఆటోలో వేయబోయారట. పక్కనే ఇడ్లీ బండి పెట్టుకున్న ఆవిడ అడ్డం నిలబడింది. "నడుం ఇరిగుంటాది, ఎత్తద్దండప్పా! 108 వచ్చేదాకా ఎవురూ తాకద్దండి" అని కేకలేసి, ఎండ తగలకుండా తన బండి మీది పట్టా తీసి వాడి మీద పట్టుకుందట. వెన్నుపూస ఒకటి నలిగిపోయింది. ఆ రోజు వాడిని మడిచి ఆటోలో కూర్చోబెట్టి ఉంటే ఏమయ్యేదో చెప్పలేమని డాక్టరు అన్నారు. ఆ మాట తలుచుకుంటే ఇప్పటికీ నా చేతులు వణుకుతాయి.

ఆపరేషన్‌కి రక్తం కావాలంటే నలుగురు కుర్రాళ్ళు రాత్రి పదకొండింటికి వచ్చారు. ఇద్దరు మా వాడి క్లాస్‌మేట్లు, మిగతా ఇద్దరు ఎవరో నాకు ఇప్పటికీ తెలియదు. మా ఆయనకు కారిడార్లో టీ ఇచ్చి, పక్కనే కూర్చుని, తెల్లారేదాకా కదల్లేదు. అన్నం కారియర్లు పంపిన పక్కింటి అక్కకు, ఎదురింటి పిన్నికి, రాత్రి డ్యూటీలో వాడిని గంట గంటకూ పక్కకు తిప్పిన నర్సమ్మలకు, అందరికీ చేతులెత్తి దణ్ణం.

ఇక అసలు సంగతి. శరీరం కుదుటపడుతోంది కానీ పిల్లవాడు మాట్లాడటం మానేశాడు. ఆరో తరగతి సీటు కోసం కలికిరి సైనిక్ స్కూల్ పరీక్ష రాసినప్పటి నుంచి వాడికి ఒకటే ఆశ, వైమానిక దళంలో పైలట్ కావాలని. డాబా ఎక్కి రేణిగుంటలో దిగే విమానాలు లెక్కపెట్టేవాడు. నడుములో రాడ్లు వేశాక ఆ దారి మూసుకుపోయిందని వాడికి ఎవరూ చెప్పక్కర్లేదు. గోడ వైపు తిరిగి పడుకునేవాడు. తినమంటే తినేవాడు, అడిగితే ఊఁ అనేవాడు, అంతే.

అప్పుడు వచ్చారు మా వీధి చివరింటి పెద్దాయన. పాకాల వైపు మనిషి, వైమానిక దళంలో ఇంజన్ ఫిట్టర్‌గా చేసి సార్జెంట్‌గా రిటైరయ్యారు. జోధ్‌పూర్‌లో మిగ్-27 యుద్ధవిమానాల ఇంజన్ల మీద ఏళ్ళ తరబడి పనిచేసిన చేతులు. పేరు రాయొద్దన్నారు కాబట్టి మేం పిలిచినట్టే సార్జెంట్ తాత అంటాను. ఓదార్పు మాట ఒక్కటీ చెప్పలేదు. కుర్చీ లాక్కుని, "అబ్బోడా, నచికేత అనే పైలట్ సంగతి నీకు తెలుసునా?" అన్నారు.

కంభంపాటి నచికేత, మన తెలుగు కుటుంబం పిల్లవాడే. 1999 మే 27న, కార్గిల్ యుద్ధంలో వైమానిక దాడులు మొదలైన మర్నాడు, బటాలిక్ కొండల మీద ఆయన నడుపుతున్న మిగ్-27 ఇంజన్ ఆరిపోయింది. తాత రిటైరయిన మరుసటి ఏడాది అది. విమానం నుంచి రాకెట్లు, గన్ పేల్చినప్పుడు ఆ వేడి పొగ ఇంజన్లోకి పోతే లోపలి మంట ఆరిపోవచ్చట. అంత ఎత్తులో గాలి పలచన, మళ్ళీ అంటుకోవడం కష్టం. ఉన్నది ఒకటే ఇంజన్. "దీపం మీద గట్టిగా ఊదితే ఆరిపోతాది గదా, అట్ల" అని తాత చెప్తుంటే మా వాడు మొదటిసారి ఇటు తిరిగాడు.

సీటు కింది రాకెట్ పేలి పైలట్‌ని బయటికి విసిరేస్తుంది. ప్రాణం దక్కుతుంది కానీ ఆ తోపుడు శరీరం బరువుకు పది రెట్లకు పైనే ఉంటుందట, వెన్నుపూసలు నలుగుతాయి. నచికేతకు అదే జరిగింది. మంచులో దిగాక పాకిస్తాన్ సైనికులు పట్టుకున్నారు, కొట్టారు. ఒక పై అధికారి వచ్చి ఆపాడు. ఆ తర్వాత వాళ్ళ వైమానిక దళ అధికారి కైజర్ తుఫైల్ ఆయనతో మర్యాదగా మాట్లాడారు, శాకాహారి అని తెలిసి తగిన ఫలహారం తెప్పించారు. శత్రుదేశంలో ఎవరో ఒకరు ఆ బిడ్డ ఏం తింటాడని అడిగారు కదా అని నేను వంటింట్లో నిలబడి ఏడ్చాను. నచికేత కోసం వెతుకుతూ వెళ్ళిన స్క్వాడ్రన్ లీడర్ అజయ్ అహూజా మాత్రం తిరిగి రాలేదు. ఆయనకు మరణానంతరం వీర చక్ర ఇచ్చారు. ఆ పేరు చెప్పేటప్పుడు తాత కుర్చీలోంచి లేచి నిలబడ్డారు.

ఎనిమిది రోజుల తర్వాత రెడ్‌క్రాస్ ద్వారా నచికేతను వదిలిపెట్టారు. మనందరికీ తెలిసిన కథ అక్కడితో అయిపోతుంది. తాత కథ మాత్రం అక్కడ మొదలైంది. వెన్నుగాయం వల్ల ఆయన మళ్ళీ ఫైటర్ ఎక్కలేకపోయారు. ఉద్యోగం వదల్లేదు. రవాణా విమానాలకు మారి, తర్వాత ఇల్యూషిన్-78 నడిపారు. అది గాల్లో ఎగురుతూనే ఫైటర్లకు ఇంధనం అందించే విమానం. గ్రూప్ కెప్టెన్‌గా 2017లో రిటైరయ్యారు. "ఎనిమిది దినాలు ఖైదీ. ఆ తర్వాత పద్దెనిమిదేండ్లు సర్వీసు. జనం ఎనిమిదే గుర్తుపెట్టుకుంటారు" అన్నారు తాత. మా వాడు ఆ రాత్రి ఫోన్ అడిగి తీసుకుని ఆ విమానం బొమ్మ చూశాడు.

రోజూ సాయంత్రం ఒకరి కథ. ఫీల్డ్ మార్షల్ కరియప్ప గారి కొడుకు కె.సి. కరియప్ప 1965 యుద్ధం చివర్లో హంటర్ విమానం కూలి పట్టుబడ్డారు. దేశ విభజనకు ముందు తండ్రి కింద పనిచేసిన అయూబ్ ఖానే అప్పుడు పాకిస్తాన్ అధ్యక్షుడు. ప్రత్యేకంగా చూసుకుంటామని కబురొస్తే, ఖైదీలందరూ నా బిడ్డలే, అందరినీ ఒకేలా చూడమని ఆ తండ్రి జవాబిచ్చారట. నాకు అంత గుండె లేదు, ఉన్నమాట రాస్తున్నాను. ఆ కొడుకు తర్వాత ఎయిర్ మార్షల్ దాకా ఎదిగారు. ఇంకోరోజు, 1971 యుద్ధంలో పట్టుబడ్డ పైలట్ దిలీప్ పారుల్కర్ కథ. 1972 ఆగస్టులో రావల్పిండి ఖైదీల క్యాంపు గోడకు కన్నం వేసి ముగ్గురు పైలట్లు బయటపడి, అఫ్గాన్ సరిహద్దు దగ్గర లండీ కోతల్ దాకా వెళ్ళారు. అక్కడ లండీ ఖానాకి దారి అడిగి పట్టుబడ్డారు. ఎప్పుడో 1932లోనే మూసేసిన స్టేషన్ అది! "అయ్యో, మ్యాప్ పాతదా తాతా?" అంటూ మా వాడు లేచి కూర్చోబోయాడు. రెండు నెలల్లో వాడు తనంతట తాను అడిగిన మొదటి ప్రశ్న.

కఠోపనిషత్తులో నచికేతుడు యముడి గుమ్మం ముందు మూడు రాత్రులు కాచుకుని, మొదటి వరంగా తన తండ్రి మనసు కుదుటపడాలని కోరుకున్నాడని మా నాన్న చిన్నప్పుడు చెప్పేవారు. ఈ మధ్య ఒక రాత్రి మా వాడు "నాన్నను ఇంక పడుకోమనమ్మా, నాకు బాగానే ఉంది" అన్నాడు. సార్జెంట్ గారూ, నా బిడ్డను మీరు మాకు తెచ్చిచ్చారు. ఇప్పుడు వాడు బీఎస్సీ పుస్తకాలు తీశాడు, విమానాలకు కింది నుంచి దారి చెప్పే ఎయిర్ ట్రాఫిక్ కంట్రోలర్ పరీక్ష గురించి మిమ్మల్నే విసిగిస్తున్నాడు. కాస్త ఓర్చుకోండి.

ఒక్క మనవి. ఆ ఇడ్లీ బండి ఇప్పుడు అక్కడ లేదు, మేం మూడుసార్లు వెళ్ళి చూశాం. యాభై ఏళ్ళ లోపు మనిషి, నీలం పట్టా వేసిన బండి, పొద్దున పూట మాత్రమే పెట్టేవారట. తెలిసినవాళ్ళు మాకు కబురు చెయ్యండి. వాడిని నడిపించుకుని వెళ్ళి ఆవిడకు చూపించాలి.