కాలడేగల పెట్టె బుక్ చేసుకున్నవారికి

నమస్తే. ముందు అసలు సంగతి చెప్పేస్తాను. సంక్రాంతికి మీ చేతికి రావాల్సిన కాలడేగల పెట్టెలో మూడు పక్షులకు గాను రెండే సిద్ధమయ్యాయి. మూడోది, నిన్నటి రాబందు, ఉగాదికి గానీ రాదు.

కొత్తగా చదువుతున్నవాళ్ల కోసం రెండు మాటలు. ఏటికొప్పాకలో చేయించి విశాఖలో మేం అమ్మే లక్క బొమ్మల సెట్ ఇది. కాలాన్ని వంచగల వేటపక్షులు అనే ఊహతో మూడు బొమ్మలు, వాటి కథలతో ఒక చిన్న పుస్తకం. నిమిషాల డేగ రెప్పపాటును గంటసేపు సాగదీస్తుంది. రుతువుల డేగ ఎక్కడ వాలితే అక్కడ కాలం మారిపోతుంది. నిన్నటి రాబందు ఎండిపోయిన నేల మీద తిరుగుతుంటే, ఒకప్పుడు అక్కడున్న అడవి మళ్లీ కనిపిస్తుంది.

ఆలస్యానికి కారణం మెడ. లేత్ మిషన్ మీద తిరిగే చెక్క గుండ్రంగానే వస్తుంది, రాబందు మెడేమో వంకర. అందుకని ఒళ్లు, తల, మెడ విడివిడిగా చేసి చెక్క మేకులతో బిగించాలి. ఈసారి వానలు వదలకుండా పట్టడంతో అంకుడు కర్ర లోపల తడి ఆరలేదు. తడి కర్రతో బిగిస్తే ఈరోజు గట్టిగానే ఉంటుంది. ఎండలు ముదిరేసరికి కర్ర కుంచించుకుపోయి మేకు వదులవుతుంది, తల ఊడి పిల్లల నోట్లోకి పోతుంది. ప్లాస్టిక్ మెడ పెడితే వారంలో అయిపోతుందని సలహా ఇచ్చారు. ఆ పని మేం చేయం. కర్ర ఆరేదాకా ఆగుతాం.

మిగతా రెండూ చాలా బాగా వచ్చాయి. తిరుగుతున్న చెక్కకు లక్క కడ్డీ ఆనిస్తే ఆ రాపిడి వేడికే లక్క కరిగి చెక్కను పట్టుకుంటుంది. తర్వాత మొగలి ఆకుతో అద్దితే మెరుపు వస్తుంది. నిమిషాల డేగ వీపుకి నీలిమందు రంగు వాడాం. చెట్ల రంగులు కాబట్టి ఒక బొమ్మ కాస్త ముదురుగా, ఇంకోటి లేతగా ఉంటాయి. ఫొటోలో ఉన్నట్టే అచ్చంగా ఉండాలనుకునేవాళ్లు ఈ విషయం గమనించండి.

ఇక ఒక అమ్మ అడిగిన ప్రశ్న. "ఈ పక్షులు నిజంగా ఉన్నాయా అని మా బాబు అడిగితే ఏం చెప్పాలండీ?" అని. లేవనే చెప్పండి. చెప్పి, పుస్తకంలో ప్రతి కథ వెనకున్న పేజీ తిప్పండి. ఏ నిజమైన పక్షిని చూసి ఆ ఊహ పుట్టిందో అక్కడ రాశాం. ఈ సెట్‌లో నాకు అన్నిటికన్నా ఇష్టమైనవి ఆ పేజీలే.

నిమిషాల డేగ వెనక ఉన్నది బైరి డేగ. గంటకు 300 కిలోమీటర్లు దాటిన వేగంతో పైనుంచి దూకి పిట్టను పడుతుంది. అంత వేగంలో ఎదురుగా ఉన్నది కనిపించాలంటే కన్ను కూడా అంత వేగంగా పనిచేయాలి. మన ఇళ్లలో పాత చోక్ ట్యూబ్‌లైటు సెకనుకు 100 సార్లు మినుకుమంటుంది. మన కన్ను 60 దగ్గరే ఆగిపోతుంది కనుక మనకది నిలకడ వెలుతురు. బైరి కన్ను 129 దాకా విడివిడిగా పట్టగలదని కొలిచి చూశారు. అంటే మనకొక క్షణంగా గడిచిపోయేదాంట్లో దానికి చాలా ఎక్కువ కనిపిస్తుంది. దాన్నే మేం కథలో ఇంకాస్త సాగదీశాం.

రుతువుల డేగకు మూలం అముర్ డేగ. సైబీరియా, ఉత్తర చైనాల నుంచి దక్షిణాఫ్రికా వైపు వెళ్తూ దారిలో నాగాలాండ్‌లోని దోయాంగ్ జలాశయం దగ్గర ఆగుతుంది. 2012లో అక్కడ వేలకొద్దీ డేగలను వలలతో పట్టి చంపారు. మరుసటి ఏడాదే ఆ ఊళ్లవాళ్లు వేట మానేసి కాపలా కాశారు. 2013లో ట్రాన్స్‌మిటర్లు కట్టి వదిలిన డేగలు మన తెలుగు నేల మీదుగానే అరేబియా సముద్రం వైపు వెళ్లాయి.

రాబందు పేజీ రాయడానికే నాకు బాధేసింది. పశువులకు ఇచ్చిన డైక్లోఫెనాక్ అనే నొప్పుల మందు, చచ్చిన ఆ పశువుల కళేబరాలు తిన్న రాబందుల మూత్రపిండాలను పాడుచేసింది. 1990ల నుంచి 2007లోగా మన దేశంలో తెల్లవీపు రాబందులు నూటికి 99కి పైగా పోయాయి. పశువులకు ఆ మందు వాడకాన్ని 2006లో నిషేధించారు. కానీ ఏడాదికి ఒక్క గుడ్డు పెట్టే పక్షి అంత త్వరగా కోలుకోలేదు. 2013లో కుమురం భీం ఆసిఫాబాద్ వైపు, బెజ్జూరు అడవిలోని పాలరాపు గుట్ట మీద పొడుగుముక్కు రాబందుల గూళ్లు కనిపించాయన్న సంగతి కూడా ఆ పేజీలో ఉంది. జటాయువు ఉండగా కొత్త పక్షి దేనికని కొందరు అడిగారు. జటాయువు కథ పిల్లలు ఇంట్లో ఎలాగూ వింటారు. ఆ జాతికి మన కాలంలో ఏం జరిగిందో కూడా వాళ్లకు తెలియాలని నా కోరిక.

డబ్బు విషయం. మీ అడ్వాన్సులో ఎక్కువ భాగం కర్రకు, చేసినవాళ్ల కూలికి వెళ్లిపోయింది. అయినా వాపసు కావాలన్నవారికి పూర్తిగా ఇస్తాం, అందుకు వేరే పక్కన పెట్టాం. బుక్ చేసినవారికి పాత ధరే, కర్ర రేటు పెరిగిన భారం మాదే. రెండు డేగలు, పుస్తకం ఇప్పుడే పంపమంటే పంపుతాం, రాబందును తర్వాత మా కొరియర్ ఖర్చుతోనే పంపిస్తాం. మొత్తం ఒకేసారి కావాలంటే ఉగాదికి. ఏది కావాలో బుక్ చేసిన నంబరు నుంచే మెసేజ్ పెట్టండి. ఏమీ చెప్పనివారికి సంక్రాంతి ముందు మేమే ఫోన్ చేస్తాం.