ఈ ఆదివారం సినిమా: 'అబౌట్ ఎల్లీ'

అందరికీ నమస్కారం. ఆదివారం చర్చకి ఇరాన్ సినిమా 'అబౌట్ ఎల్లీ' (2009) చూసి రండి. దర్శకుడు అస్గర్ ఫర్హాదీ గురించి ఎలాగూ మాట్లాడుకుంటాం. ఈసారి ఎల్లీగా చేసిన తరానే అలీదూస్తీ మీద కాస్త ఎక్కువ దృష్టి పెడదాం.

గాలిపటం సీన్ జాగ్రత్తగా చూడండి. కాస్పియన్ సముద్రం ఒడ్డున ఎల్లీ దారం పట్టుకుని పరుగెడుతూ ఉంటుంది. అప్పటిదాకా మొహమాటంగా ముడుచుకున్న మనిషి ముఖం విప్పారుతుంది. డైలాగులతో పనే లేదు. ఆ తర్వాత ఎల్లీ కనిపించదు. మిగతా సినిమా అంతా ఆమె చుట్టూనే తిరుగుతుంది. తెర మీద లేకుండా సినిమా మోయడం మాటలా!

తరానే 1984లో టెహ్రాన్‌లో పుట్టారు, తండ్రి ఫుట్‌బాల్ ఆటగాడు. 2002లో వచ్చిన మొదటి సినిమా 'ఐయామ్ తరానే, 15'కే స్విట్జర్లాండ్‌లోని లొకార్నో ఫిల్మ్ ఫెస్టివల్‌లో ఉత్తమ నటి అవార్డు. ఫర్హాదీతో నాలుగు సినిమాలు చేశారు. వాటిలో 'ది సేల్స్‌మన్' (2016)కి ఆస్కార్ వచ్చింది. ఇరానీయులకి అమెరికా వీసాలు ఆపేసిన ట్రంప్ నిషేధానికి నిరసనగా ఆమె ఆ వేడుకకి వెళ్లలేదు.

2022 నవంబర్‌లో, ఇరాన్‌లో నిర్బంధ హిజాబ్‌కి వ్యతిరేకంగా నిరసనలు సాగుతున్నప్పుడు, తలపై ముసుగు లేకుండా, 'మహిళ, జీవితం, స్వేచ్ఛ' అన్న ఆ నిరసనల కుర్దిష్ నినాదం పట్టుకున్న ఫొటో పెట్టారు. డిసెంబర్‌లో ఆమెని అరెస్టు చేశారు, జనవరిలో బెయిల్ మీద వదిలారు. కెరీర్ మాంచి ఊపులో ఉన్నప్పుడు తెలిసి తెలిసి తీసుకున్న రిస్క్ అది. నాకైతే అవార్డులకంటే ఇదే పెద్దది.

సినిమా చూడనివాళ్లకి ఒక్క మాట: ముగింపు ముందే చదివేయకండి. చూసేసినవాళ్లు గ్రూపులో లీక్ చేయకండి, ప్లీజ్.