వార్షిక నివేదిక: బీకన్ హిల్‌లో రెండు నడకలు

సభ్యులందరికీ నమస్కారం.

ఏటా మన తెలుగు సంఘం నివేదికలో ఉగాది, బతుకమ్మ, దీపావళి, పిక్నిక్ అని వరసగా రాసుకుంటూ పోవడం మన అలవాటు. అవన్నీ ఈసారీ జరిగాయి, బాగానే జరిగాయి. ఉగాది నాడు మైకు మొరాయించింది, దీపావళికి హాలు చాల్లేదు, పిక్నిక్ రోజు వాన పట్టుకుంది. ఫొటోలు మీ అందరి ఫోన్లలోనూ ఉన్నాయి కాబట్టి వాటి గురించి ఇంతకుమించి రాయను. కొత్తగా మొదలుపెట్టింది ఒక్కటే, మనం ఉంటున్న అమెరికాలోని ఈ బోస్టన్ నగరంలో నడక. నివేదికలో ఎక్కువ భాగం దానికే ఇస్తున్నాను. బాగా జరిగిందని కాదు, అందులో మనం చేసిన పొరపాటు ఒకటుంది.

అసలు ఈ ఆలోచన వేసవికి ఇండియా నుంచి వచ్చిన అమ్మానాన్నల వల్ల వచ్చింది. "ఊరు చూపించమంటే మాల్ చూపిస్తారేంట్రా" అని ఒకావిడ కొడుకుని అందరి ముందూ దులిపేసింది. ఆవిడన్నదాంట్లో తప్పేం లేదు. మనలో చాలామందిమి పదిహేనిరవై ఏళ్లుగా శివార్లలో ఉంటున్నాం. నగరంలోకి వెళ్లేది ఆఫీసుకో ఎయిర్‌పోర్టుకో. సరే, నడుద్దాం అనుకున్నాం. ఎక్కడ అనగానే అందరూ కొండ మీది పాత పేట బీకన్ హిల్ పేరే చెప్పారు. ఎర్ర ఇటుక ఇళ్లు, గ్యాస్ దీపాలు, గుండ్రాళ్లు పరిచిన సందు... ఫొటోలు బాగా వస్తాయని.

మే నెలలో ఒక శనివారం పొద్దున స్టేట్ హౌస్, అంటే రాష్ట్ర శాసనసభ భవనం, మెట్ల దగ్గర కలుసుకున్నాం. పాతికమంది అనుకుంటే నలభై దాటారు. గైడుగా వచ్చినావిడ ఒక రిటైర్డ్ వాలంటీరు. గొంతు చిన్నది గానీ కథ చెప్పడం తెలిసిన మనిషి. ముందుగా భూమి సంగతితో మొదలుపెట్టింది. ఈ కొండ మీద 18 ఎకరాల పైచిలుకు మేత భూమి జాన్ సింగిల్టన్ కోప్లీ అనే చిత్రకారుడిది. ఆయన 1774లోనే లండన్ వెళ్లిపోయాడు. 1795లో హారిసన్ గ్రే ఓటిస్ అనే లాయరు, ఆయన భాగస్వాములు కలిసి 18,450 డాలర్లకు దాన్ని కొనేశారు. కొత్త శాసనసభ భవనం పక్కనే రాబోతోందని ఇక్కడ వీళ్లకు తెలుసు, లండన్‌లో ఉన్న కోప్లీకి తెలియదు. తెలిశాక లబోదిబోమన్నాడు గానీ అప్పటికే చెయ్యి దాటిపోయింది. ఆ తర్వాత కొండ నెత్తి చెక్కి, ఆ మట్టితో మిల్ పాండ్ అనే చెరువును పూడ్చి ప్లాట్లు వేశారు. ఈ మాట వచ్చేసరికి మనవాళ్లు గొల్లున నవ్వారు. ఆవిడకి అర్థం కాలేదు. "మా దగ్గర కూడా ఇలాంటివి ఉంటాయిలెండి" అని నేనే సర్దిచెప్పాను.

స్టేట్ హౌస్ గురించి రెండు ముక్కలు. చార్లెస్ బుల్‌ఫించ్ కట్టిన ఈ భవనం 1798లో పూర్తయింది. గోపురానికి మొదట చెక్క పలకలు వేశారు. వానకు కారుతుంటే 1802లో పాల్ రివీర్ కంపెనీ రాగి రేకు తొడిగింది. బంగారు పూత 1874లో వచ్చింది. రెండో ప్రపంచ యుద్ధం రోజుల్లో రాత్రిపూట మెరవకూడదని దాని మీద రంగు పూసేశారట. ఇవన్నీ ఆవిడ చెబుతుంటే మన గుంపులోంచి వచ్చిన మొదటి ప్రశ్న, "ఎన్ని క్యారెట్లు?" 23.

అక్కడి నుంచి మౌంట్ వెర్నన్ స్ట్రీట్. ఒకచోట వరసగా ఎత్తు తక్కువ ఇళ్లు ఉన్నాయి. ఒకప్పుడు గుర్రపుశాలలట. 13 అడుగులు దాటి కట్టకూడదని దస్తావేజులోనే రాసుకున్నారు, వెనక ఇంటివాళ్లకు చూపు అడ్డం రాకూడదని. రెండు వందల ఏళ్లు దాటినా ఆ ఎత్తు అలాగే ఉంది. లూయిస్‌బర్గ్ స్క్వేర్ మధ్యలో ఇనుప కంచె వేసిన తోట ఉంది. అది చుట్టూ ఉన్న ఇళ్లవాళ్ల సొంతం, తాళం వాళ్లదే. మనం కంచె పట్టుకుని చూసి వచ్చాం.

నాకు మాత్రం ఇళ్లకంటే గుమ్మాలు నచ్చాయి. ప్రతి గుమ్మం పక్కనా రాతిలో దిగేసిన చిన్న ఇనుప పట్టీ ఉంటుంది, జానెడు కూడా ఉండదు. బూటు అడుగున ఉన్న బురద దాని అంచుకి గీకి లోపలికి వెళ్లేవాళ్లు. కొన్నింటి చివరలు సున్నాలు చుట్టినట్టు వంచి ఉన్నాయి, కొన్ని మధ్యలో అరిగి పల్లం పడ్డాయి. మన గుంపులో ఒక అత్తగారు చెప్పు తీసి ఆ పల్లంలో బొటనవేలు పెట్టి చూసి, "మన వాకిట్లో కాళ్లు కడుక్కునే చెంబు లాంటిదన్నమాట" అంది. గైడుకి అనువదించి చెప్పాం. ఆవిడ తన చిన్న నోట్‌బుక్‌లో రాసుకుంది.

బీకన్ స్ట్రీట్‌లో కొన్ని కిటికీ అద్దాలు ఊదా రంగులో ఉంటాయి. 1818 నుంచి 1824 మధ్య ఇంగ్లండ్ నుంచి వచ్చిన గాజు. అందులోని మాంగనీస్ ఆక్సైడ్ ఎండకు ఎండి రంగు తిరిగింది. సరుకులో లోపం అన్నమాట. అదే తర్వాత పాత డబ్బున్న ఇంటికి గుర్తయి కూర్చుంది.

కాలిబాటల ఇటుకల కథ అందరికీ నచ్చింది. 1947లో నగరపాలకులు వాటిని తీసేసి సిమెంటు వేద్దామని వస్తే, ఇక్కడి ఆడవాళ్లు ఇళ్లలోంచి కుర్చీలు తెచ్చుకుని ఇటుకల మీద కూర్చున్నారు. మేయరు వెనక్కి తగ్గాడు. 1955లో ఈ పేట చారిత్రక ప్రాంతంగా చట్టంలోకి ఎక్కింది. ఇప్పుడు వీధిలోంచి కనిపించే తలుపుకి రంగు మార్చాలన్నా కమిషన్ అనుమతి కావాలి. మన కాలనీ సంఘాల నోటీసులకు విసుక్కునేవాళ్లు ఈ ఒక్క సంగతి గుర్తుపెట్టుకోండి.

ఎకార్న్ స్ట్రీట్‌లో మన పరువు కాస్త పోయింది. అది బండి పట్టేంత సందు, అంతే. ఒకవైపు 1820లలో బండి తోలేవాళ్ల కోసం, చేతిపనివాళ్ల కోసం కట్టిన చిన్న ఇళ్లు, రెండోవైపు పెద్దిళ్ల తోట గోడలు. అందులో నలభైమందిమి దూరి, ఒక మెట్టు మీద కూర్చుని గ్రూప్ ఫొటో తీసుకుంటుంటే తలుపు తెరుచుకుంది. లోపలినుంచి ఒకాయన వచ్చి, "నేను బయటికి వెళ్లాలి, కొంచెం దారి ఇస్తారా" అన్నాడు. కోపంగా కూడా అనలేదు, అదే ఎక్కువ సిగ్గనిపించింది. అవి మ్యూజియంలు కావు, మనుషులు ఉంటున్న ఇళ్లు. చిన్న స్పీకరు ఒకటి పట్టుకెళ్లాం, దాన్ని అక్కడే ఆపేశాం. తప్పు గైడుది కాదు, అంతమందిని తీసుకెళ్లిన కార్యవర్గానిది. ముఖ్యంగా నాది.

ఇక అసలు పొరపాటు. రెండు గంటలు నడిచి పింక్నీ స్ట్రీట్ చేరాక, నడక ఇక్కడితో అయిపోయిందని గైడు చెప్పింది. అందరూ భోజనాల హడావిడిలో ఉన్నారు. మన సభ్యురాలి నాన్నగారు, గుంటూరు జిల్లాలో హెడ్‌మాస్టారుగా చేసి రిటైరైన పెద్దాయన, చేతికర్ర మీద ఆనుకుని ఒక ప్రశ్న వేశారు. "ఇన్ని పెద్దిళ్లు ఉన్నాయి కదమ్మా, వీళ్ల ఇళ్లలో పనిచేసినవాళ్లు ఎక్కడ ఉండేవాళ్లు?" ఆవిడ చేత్తో ఉత్తరం వైపు, దిగువకు చూపించింది. పింక్నీ స్ట్రీటే సరిహద్దు, ఆ వాలు నిండా నల్లవాళ్ల ఇళ్లే ఉండేవి, అదింకో నడక, నేషనల్ పార్క్ సర్వీస్ రేంజర్లు తీసుకెళ్తారు అంది. మేం తలూపి భోజనానికి వెళ్లిపోయాం. కారెక్కాక మాస్టారు అన్నారట, "ఊరు చూశాం, వాడ చూడలేదు" అని. ఆ మాట మర్నాడు నాకు చేరింది.

సెప్టెంబరులో పెట్టిన రెండో నడక ఆ మాట వల్లే. పధ్నాలుగు మందిమే వెళ్లాం. రేంజరు నడక ఉచితం. అది కూడా స్టేట్ హౌస్ ఎదురుగానే మొదలైంది, మేలో మేం వీపు పెట్టి నిలబడి ఫొటోలు దిగిన కంచు శిల్పం దగ్గర. అమెరికా అంతర్యుద్ధంలో, 1863 జులైలో, ఫోర్ట్ వాగ్నర్ అనే కోట మీద దాడిచేసిన 54వ మసాచుసెట్స్ నల్ల సైనికుల దళం, వాళ్ల తెల్ల కమాండర్ రాబర్ట్ గౌల్డ్ షా. ఆగస్టస్ సెయింట్ గాడెన్స్ దాదాపు 14 ఏళ్లు చెక్కితే 1897లో నిలబెట్టారు. నల్ల సైనికులకు జీతం తక్కువ ఇస్తామంటే ఏడాదికి పైగా అసలు జీతమే ముట్టుకోలేదు, యుద్ధం మాత్రం చేశారు. శిల్పం వెనక్కి తీసుకెళ్లి పేర్లు చూపించాడు రేంజరు. చనిపోయిన తెల్ల అధికారుల పేర్లు మొదటినుంచీ ఉన్నాయి. నల్ల సైనికుల పేర్లు 1982లో చేర్చారు.

పింక్నీ స్ట్రీట్‌లోనే జార్జ్ మిడిల్టన్ చెక్క ఇల్లు ఉంది. 1780లలో కట్టింది, ఈ కొండ మీద మిగిలిన ఇళ్లలో అన్నిటికంటే పాతది. మిడిల్టన్ నల్లవాడు, అమెరికా స్వాతంత్ర్య యుద్ధంలో పాల్గొన్నవాడు. మేలో ఈ వీధిలోనే ఆగి, భోజనం ఎక్కడా అని మాట్లాడుకున్నాం.

ఫిలిప్స్ స్ట్రీట్‌లో 66వ నంబరు ఇల్లు మామూలు ఇటుక ఇల్లు. గోడకు ఒక ఫలకం, లోపల ఇప్పటికీ ఎవరో ఉంటున్నారు. లూయిస్, హారియట్ హేడెన్ దంపతులు, తామే బానిసత్వం నుంచి తప్పించుకొచ్చినవాళ్లు, పారిపోయి వచ్చేవాళ్లను ఇక్కడ దాచారు. విలియం, ఎలెన్ క్రాఫ్ట్ దంపతులు కూడా ఈ ఇంట్లో తలదాచుకున్నారు. 1848లో జార్జియా నుంచి ఎలెన్ తెల్ల యజమానిలా మగవేషం వేసుకుని, భర్తను తన నౌకరుగా చూపించి బయటపడింది. రాయడం రాదని బయటపడకుండా కుడిచేతికి కట్టు కట్టుకుంది, హోటల్ రిజిస్టర్లో సంతకం అడుగుతారని. ఈసారి మనవాళ్లలో ఎవరూ మెట్ల మీద కూర్చోలేదు.

జాయ్ స్ట్రీట్‌లో ఆఫ్రికన్ మీటింగ్ హౌస్ 1806 నాటిది. ఈ దేశంలో నిలిచి ఉన్న నల్లవాళ్ల చర్చి భవనాల్లో అదే అన్నిటికంటే పాతది. కట్టింది చాలావరకు నల్ల పనివాళ్లే. ప్రారంభోత్సవం రోజున మాత్రం కింది బల్లలు సాయం చేసిన తెల్ల పెద్దమనుషులకు వదిలి, నల్లవాళ్లు పైన బాల్కనీలో కూర్చున్నారట. ఆ బాల్కనీ కింద నిలబడి వినాల్సిన మాట ఇది. 1832లో విలియం లాయిడ్ గారిసన్ బానిసత్వ వ్యతిరేక సంఘాన్ని మొదలుపెట్టింది కూడా ఈ గదుల్లోనే.

పక్కనే ఏబియల్ స్మిత్ స్కూలు, 1835లో నల్ల పిల్లల కోసం కట్టింది. సారా రాబర్ట్స్ అనే ఐదేళ్ల పాప తెల్లపిల్లల బడులు ఐదు దాటుకుని ఈ బడికి రావాల్సి వచ్చేది. వాళ్ల నాన్న కోర్టుకెక్కాడు. 1850లో ఓడిపోయాడు. 1855లో రాష్ట్రం చట్టం చేసి బడుల్లో ఆ విభజన తీసేసింది. కోర్టు తీర్పు మాత్రం చావలేదు, 1896లో సుప్రీం కోర్టు వేర్పాటును సమర్థిస్తూ దాన్నే ఉదహరించింది.

మాస్టారు అప్పటికి ఇండియా వెళ్లిపోయారు. వాళ్లమ్మాయి ఆ సాయంత్రం ఫొటోలన్నీ వాట్సాప్‌లో పంపింది. ఆయన దగ్గరనుంచి ఒక్క మెసేజే వచ్చింది: "ఆ స్కూలు ఫొటో దగ్గరగా తీసింది ఉంటే పంపు."

లెక్కల విషయానికొస్తే, రెండు నడకలకూ కలిపి ఖర్చు చెప్పుకోదగ్గది కాదు. నీళ్ల సీసాలు, మొదటి గైడు సంస్థకిచ్చిన విరాళం, అంతే. వివరాలు కోశాధికారి నివేదికలో ఉన్నాయి. ఆ స్పీకరు కొన్నందుకు మాత్రం నన్ను అడగకండి.

వచ్చే ఏడాదికి కార్యవర్గం నిర్ణయించినవి ఇవి. గుంపుకి పదిహేనుమందే, ఎక్కువైతే ఇంకో రోజు. రెండు వాలులూ ఒకే రోజు. ఈసారి చార్లెస్ స్టేషన్‌లో రైలు దిగి ఫిలిప్స్ స్ట్రీట్ నుంచి మొదలుపెట్టి పైకి ఎక్కుతాం, గోపురం ఆఖర్న. మోకాళ్ల నొప్పులున్న పెద్దవాళ్లకు ఎక్కడం కష్టమని ఇద్దరు సభ్యులు అభ్యంతరం చెప్పారు, అది న్యాయమే. వాళ్ల కోసం ఒక కారు జాయ్ స్ట్రీట్ దాకా తీసుకెళ్తుంది, నడపడానికి ఎవరైనా ముందుకొస్తే. దారిలో బాత్‌రూములు దాదాపు లేవు, బయల్దేరే ముందే చూసుకోండి. ఇటుకలు ఎగుడుదిగుడుగా ఉంటాయి, చీర కట్టుకున్నా పర్వాలేదు గానీ మడమ చెప్పులు వద్దు.

పేర్లు ఏప్రిల్ సమావేశంలో ఇవ్వండి.

ఇట్లు,
కార్యదర్శి