ఆడపిల్లను గెంటేస్తే అది వట్టి సివిల్ తగాదానా?

సంపాదకులకు నమస్కారం.

మా వీధిలో ఒక ఆడపడుచు, భర్త పోయాక కొడుకుతో పుట్టింటికొచ్చి పదకొండేళ్లుగా అక్కడే ఉంటోంది. ఆమె సామాను గత నెల అరుగు మీదికొచ్చింది. ట్రంకుపెట్టె, కుట్టుమిషను, పిల్లాడి పుస్తకాల సంచి. అంతకు మూడు రోజుల ముందే ఆమె గదికి ఫ్యూజు పీకేశారు, గ్యాస్ బండ రెగ్యులేటర్ తీసి దాచేశారు. తండ్రి పోయి ఏడాది తిరగలేదు, తమ్ముళ్లు రిలీజ్ డీడ్, అంటే తన వాటా వదులుకుంటున్నట్టు రాసే పత్రం, తెచ్చి ముందు పెట్టారు. ఆమె సంతకం పెట్టనంది. చెయ్యి పట్టి బయటికి లాగితే గాజులు పగిలి మణికట్టు కోసుకుపోయింది. పసుపు అద్దింది నేనే.

ఇద్దరం కలిసి స్టేషన్‌కు వెళ్లాం. ఫిర్యాదు సగం చదివి, "ఇది ఆస్తి గొడవమ్మా, సివిల్ మేటర్, కోర్టుకెళ్లండి" అన్నారు. పెద్దమనుషులైతే "పసుపు కుంకుమ కింద ఎంతో కొంత పుచ్చుకో, పుట్టింటి గడప దూరం చేసుకోకు" అన్నారు. ఆ గడప అప్పటికే దాటించేశారు కదా!

గృహహింస చట్టం 2006 అక్టోబరు 26 నుంచి అమల్లో ఉంది. అయినా అది మొగుడూ పెళ్లాల గొడవలకే అని చాలామంది అనుకుంటారు. కాదు. ఒకే ఇంట్లో కలిసి ఉంటున్న, లేదా ఒకప్పుడు ఉన్న అక్కచెల్లెళ్లకూ తల్లికీ కూడా అది వర్తిస్తుంది. బతకడానికి కావాల్సినవి అందకుండా చేయడాన్ని, ఇంట్లోకి రానివ్వకపోవడాన్ని ఆ చట్టం ఆర్థిక హింస అంటుంది. ఇల్లు ఎవరి పేరున ఉన్నా ఆమెను వెళ్లగొట్టకుండా, ఆ ఇంటిని అమ్మకుండా, తాకట్టు పెట్టకుండా 19వ సెక్షన్ కింద మేజిస్ట్రేట్ ఉత్తర్వు ఇవ్వవచ్చు. అత్యవసరమైతే అవతలివాళ్లు రాకముందే మధ్యంతర ఉత్తర్వూ ఇవ్వవచ్చు.

వాటా తేల్చేది సివిల్ కోర్టే, ఒప్పుకుంటాను. తండ్రి వీలునామా రాయకుండా పోతే ఆయన స్వార్జితంలో కూతురికి సమాన వాటా 1956 నుంచే ఉంది. పిత్రార్జితంలో మన రాష్ట్రం పెళ్లికాని కూతుళ్లకు 1985 సెప్టెంబరు నుంచి ఇచ్చింది, 2005లో కేంద్రం దాన్ని కూతుళ్లందరికీ చేసింది. కానీ భాగాల దావా ఏళ్లకేళ్లు సాగుతుంది. ఈ రాత్రి ఆమె ఎక్కడ పడుకోవాలి? ఆ ప్రశ్నకే గృహహింస చట్టం ఉంది. ఈ రెండింటినీ ఒకే గాటన కట్టి పంపేయడం వల్లే ఆడవాళ్లు విసిగిపోయి సంతకం పెట్టేస్తున్నారు.

కోడళ్లు ఈ చట్టం చూపి అత్తమామల ఇల్లు కాజేస్తారని కొందరి భయం. అత్తగారి పేరున ఉన్నా అది కోడలు కాపురమున్న ఇల్లైతే అక్కడ ఉండే హక్కు అడగవచ్చని 2020 అక్టోబరులో సుప్రీంకోర్టు చెప్పిన మాట నిజమే. అయితే అది తిరుగులేని హక్కు కాదని, పెద్దవాళ్ల ప్రశాంతతనూ చూడాలని అదే తీర్పులో ఉంది. ఉండే హక్కు వేరు, ఆస్తి హక్కు వేరు.

నేను అడిగేది పెద్ద కోరికేం కాదు. హింస జరిగిందని వచ్చిన స్త్రీకి రక్షణాధికారి (ఈ చట్టం కింద ఆమెకు సాయపడేందుకు నియమించిన అధికారి) ఎవరో, ఉచిత న్యాయసహాయం ఎక్కడ దొరుకుతుందో, అర్జీ ఎలా పెట్టుకోవాలో చెప్పడం పోలీసుల విధి అని 5వ సెక్షన్‌లోనే ఉంది. దాన్ని తెలుగులో రాసి ప్రతి స్టేషన్ గోడకూ అంటించండి. రక్షణాధికారి పనిని ఇప్పటికే నలిగిపోతున్న స్త్రీ శిశు సంక్షేమ శాఖ అధికారులకు తగిలించకుండా, విడిగా మనుషులను వేయండి. అమ్మకూడదన్న ఉత్తర్వు వచ్చిన రోజే సబ్‌రిజిస్ట్రార్‌కు చేరి ఈసీలో, అంటే ఆస్తి లావాదేవీలు చూపే పత్రంలో, కనపడాలి. లేకపోతే ఉత్తర్వు ఆమె సంచిలో, ఇల్లు ఇంకొకరి చేతిలో ఉంటాయి.

ఆమె చివరికి న్యాయసేవాధికార సంస్థ దారి పట్టింది. ఆడవాళ్లకు ఆదాయంతో పని లేకుండా అక్కడ ఉచితంగా లాయర్‌ను ఇస్తారు. అర్జీ పడింది. మొదటి రోజే స్టేషన్‌లో ఎవరైనా ఈ ముక్క చెప్పి ఉంటే, పదో తరగతి చదివే ఆ పిల్లాడు ప్రీఫైనల్స్‌కు మా వరండాలో కూర్చుని చదవాల్సి వచ్చేది కాదు.

ఇట్లు,
ఒక రిటైర్డ్ టీచరు, గుంటూరు జిల్లా
(పేరు ప్రచురించవద్దని మనవి)