పాత కోర్టుకు ఆరు నెలల గడువు కావాలి

సంపాదకులకు,

మన పాత కోర్టులను కూల్చాలన్నా, మరమ్మతు చేయాలన్నా ఆరు నెలల ముందే తెలపాలన్న నిబంధన ఉండాలి. అమెరికాలోని టెక్సస్‌లో అలాంటిది ఉంది. అక్కడ డాలస్ నుంచి ఆస్టిన్‌కు కారులో వెళ్లే తెలుగువాళ్లకు ఐ-35 హైవే మీద హిల్స్‌బరో ఊరు తెలిసే ఉంటుంది. డాలస్ దారీ, ఫోర్ట్‌వర్త్ దారీ కలిసేది అక్కడే. ఊళ్లోకి వెళ్తే నడిబొడ్డున హిల్ కౌంటీ (మన జిల్లాలాంటిది) కోర్టు ఉంది. 1890లో సున్నపురాతితో కట్టిన మూడంతస్తుల భవనం, పైన గడియార గోపురం. నమూనా గీసింది డబ్ల్యూ.సి. డాడ్సన్. కౌంటీ మొత్తం జనాభా నలభై వేలు కూడా ఉండదు.

1993 జనవరి 1న ఆ కోర్టు తగలబడింది. గోపురం కూలింది, లోపలంతా బూడిదైంది, రాతిగోడలు మిగిలాయి. ఆ కౌంటీలోనే పుట్టిన గాయకుడు విల్లీ నెల్సన్ కచేరీ చేసి విరాళాలు పోగుచేశాడు. అవే గోడలు నిలిపి, గోపురం మళ్లీ ఎత్తి 1999లో కోర్టు తెరిచారు. పాత కోర్టుల బాగుకోసం టెక్సస్ రాష్ట్రం ప్రత్యేక నిధి పెట్టిందీ ఆ ఏడాదే. ఆ నిధితో ఇప్పటికి 80కి పైగా కోర్టులు బాగుపడ్డాయి.

నిధి కంటే మనకు పనికొచ్చేది అక్కడి చట్టంలోని ఒక నిబంధన. కౌంటీ తన పాత కోర్టును కూల్చాలన్నా, అమ్మాలన్నా, దాని చారిత్రక రూపు చెడే పని చేయాలన్నా కనీసం 6 నెలల ముందు రాష్ట్ర చారిత్రక కమిషన్‌కు తెలపాలి. మన పాత మున్సిఫ్ కోర్టులకు ఇలాంటి గడువు కావాలి, అదీ కూల్చివేతకే కాదు, మరమ్మతుకు కూడా.

ఎందుకంటే గానుగ సున్నంతో కట్టిన గోడను సిమెంటు మెల్లగా చంపుతుంది. గోడలో చెమ్మ సున్నపు దర్జుల్లోంచి, అంటే రాళ్ల మధ్య, ఇటుకల మధ్య సున్నం కూరిన సందుల్లోంచి, బయటికి పోతుంది. అక్కడ సిమెంటు కూరితే ఆ దారి మూసుకుపోయి, నీరు రాతిలోంచో ఇటుకలోంచో వస్తుంది. ఉప్పు అక్కడే గడ్డకట్టి పైపొరను నెట్టేస్తుంది. దర్జు చుట్టూ తెల్లటి ఉప్పు పూత, వేలితో గీస్తే రాలే పొర, వేలి కణుపుతో కొడితే డొల్ల చప్పుడు: ఈ మూడూ ఉంటే గోడ లోపల దెబ్బతిన్నట్టే.

ముందు కప్పు కారడం, వాననీటి గొట్టాలు సరిచేయాలి. తర్వాతే దర్జులు. పది మిల్లీమీటర్ల దర్జు అయితే 25 మిల్లీమీటర్ల లోతు వరకు పాత సున్నం ఉలితో తీయాలి. గ్రైండరు పెడితే రాతి అంచులు తెగుతాయి. గోడ బాగా తడిపి, నానిన సున్నం ఒక పాలు, ఇసుక మూడు పాళ్లు కలిపి కూరాలి. సున్నం గాలి పీల్చుకుని నిదానంగా గట్టిపడుతుంది కాబట్టి వారం రోజులైనా తడి గోనెసంచులు కప్పి ఉంచాలి. ఎండకు వదిలేస్తే పొడి అయిపోతుంది. తొందరపడే కాంట్రాక్టరు చెడగొట్టేది ఇక్కడే.

ఆ ఆరు నెలలు చేతిలో ఉంటే, టెండరులో ‘సిమెంటు పాయింటింగ్’ (దర్జుల్లో సిమెంటు కూరడం) అనే పద్దును పని మొదలవకముందే కొట్టించవచ్చు.

— పాత కట్టడాల మరమ్మతు చేసే ఇంజనీర్లు